గుత్తి మురారిరావు వెంట: తిరుచ్చి నుంచి కబ్బాళదుర్గం దాకా

మొదటి రోజు, తిరుచ్చి

అనంతపురం జిల్లాలో పుట్టినవాళ్ళకి మురారిరావు పేరు కొత్త కాదు. గుత్తి కోట మీద ఆయన గద్దె ఉంది, స్కూల్లో ఉన్నప్పుడు అక్కడికే పిక్నిక్ తీసుకుపోయేవాళ్ళు. కానీ గుత్తికి రాకముందు ఆయన ఎక్కడున్నాడు, గుత్తి పోయాక ఏమయ్యాడు అని అడిగితే మా వైపు కూడా చాలామంది ఆగిపోతారు. ఆయన గుర్రం తిరిగిన దారిలో మొదటి నుంచి చివరి దాకా పోయి చూడాలని నాకు ఎన్నో ఏళ్ళుగా ఉంది. మా బావ కారు తీస్తానన్నాడు, అంతే, చెన్నై నుంచి ఇద్దరం బయల్దేరాం. మొదటి మజిలీ గుత్తి కాదు, తిరుచ్చి.

ఎందుకంటే మురారిరావు ఘోర్పడే అనే మరాఠా గుర్రపు దళ నాయకుడు మొదటిసారి ఒక పెద్ద కోటకి అధికారి అయింది ఇక్కడే. 1740లో మరాఠా సేనాని రఘూజీ భోంస్లే దండు కర్ణాటకం మీద, అంటే ఆర్కాటు నవాబు ఏలే తమిళ నేల మీద, పడింది. మరుసటి ఏడు మార్చిలో నవాబు అల్లుడు చందా సాహెబు చేతిలోంచి తిరుచిరాపల్లి లాక్కుని, ఆయన్ని ఖైదీగా మరాఠా రాజధాని సతారాకి పంపేశారు. కోటకి కాపలాగా 14,000 మందిని ఇచ్చి మురారిరావుని ఉంచి వెళ్ళారు. అంతకు ముందు ఈ ఊరు మదురై నాయకులది, అంటే మన తెలుగు వంశమే. ఆఖరి రాణి మీనాక్షి చందా సాహెబుని నమ్మి, మోసపోయి, విషం తాగి చనిపోయింది. ఉచ్చి పిళ్ళయార్ కొండ మీద నాలుగొందల పైచిలుకు మెట్లు ఎక్కి కిందికి చూస్తున్నప్పుడు నాకు మురారిరావు కంటే ముందు ఆమే గుర్తొచ్చింది. ఇటు కావేరి, అటు శ్రీరంగం గోపురాలు, మధ్యలో ఇంత పచ్చటి నేల ఏలిన మనిషికి అలాంటి చావు రావడం ఏం న్యాయం.

కొండ మీద గాలి బాగుంది. బావ ఒక మూల కూర్చుని, "ఇంత మంచి ఊరు దొరికితే వదిలేసి ఆ రాళ్ళ గుట్టల్లోకి ఎందుకొచ్చినాడు బావా ఆయన?" అన్నాడు. మంచి ప్రశ్నే. వదల్లేదు, వదలాల్సి వచ్చింది. 1743లో నిజాం ఉల్ ముల్క్ మహా పెద్ద సైన్యంతో దక్షిణానికి దిగాడు. సతారా నుంచి సాయం వచ్చే జాడ లేదు. మురారిరావు నిజాంతో మాట్లాడుకుని, కోట అప్పగించి, తన గుర్రాలతో బయటికి నడిచాడు. ఈ సంగతి గుర్తు పెట్టుకోవాలి. కోట కోసం చావలేదాయన. గుర్రాలున్నాయి, రౌతులున్నారు, ఇంకో చోట బతకొచ్చు అనుకునే మనిషి అప్పటికి.

రెండో రోజు, ఆర్కాటు, దామలచెరువు

తిరుచ్చి నుంచి పొద్దున్నే బయల్దేరి వేలూరు వైపు వచ్చి ఆర్కాటులో ఆగాం. కోట అని చెప్పుకోడానికి అక్కడ పెద్దగా ఏమీ మిగల్లేదు, పాలారు ఒడ్డున ఢిల్లీ గేటు ఒకటి నిలబడి ఉంది. సతారా నుంచి తిరిగొచ్చిన చందా సాహెబుకీ, మహమ్మదలీకీ అప్పుడు ఆర్కాటు నవాబు గద్దె కోసం పోరు; ఫ్రెంచివాళ్ళు చందా సాహెబు పక్క, ఇంగ్లీషువాళ్ళు మహమ్మదలీ పక్క. ఆ పోరులోనే 1751లో క్లైవ్ ఇక్కడ 50 రోజులు ముట్టడిలో చిక్కుకున్నాడు. మనకి పుస్తకాల్లో క్లైవ్ ధైర్యం గురించి చెప్తారు గానీ, ఆ సమయంలో ఆంబూరు వైపు 6,000 గుర్రాలతో మకాం వేసి, ఎవరి పక్కకి దూకాలా అని చూస్తూ కూర్చున్న మురారిరావు గురించి అంతగా చెప్పరు. ఆయన్ని మైసూరు వాళ్ళు మహమ్మదలీ తరఫున డబ్బిచ్చి పిలిపించారు. వచ్చాడు, కానీ తొందరపడలేదు. ఇంగ్లీషువాళ్ళు నిజంగా పోరాడతారని నమ్మకం కుదిరాకే కదిలాడు. ఆయన దండు వస్తోందని తెలిశాకే చందా సాహెబు కొడుకు రజా సాహెబు ఆఖరి దాడి చేసి, ఓడి, ముట్టడి ఎత్తేశాడు.

ఆ తర్వాత మూడేళ్ళు ఆయన అటూ ఇటూ మారాడు. మొదట ఇంగ్లీషు పక్క. గెలిస్తే తిరుచ్చి ఇస్తానన్న మహమ్మదలీ మైసూరు వాళ్ళకి మాట తప్పేసరికి, మైసూరులో పెత్తనం చేస్తున్న సర్వాధికారి నంజరాజుతో కలిసి ఫ్రెంచి పక్కకి. చివరికి 1754లో డబ్బు పుచ్చుకుని గుత్తి దారి పట్టాడు. దీన్ని నమ్మకద్రోహం అని తిట్టడం తేలిక. నేను తిట్టను. గుర్రపు దళం ఎలా బతుకుతుందో చూస్తే విషయం తెలుస్తుంది. మరాఠా దండులో రెండు రకాల రౌతులుండేవాళ్ళు. సర్కారు ఇచ్చిన గుర్రం ఎక్కేవాడు బార్గీరు, సొంత గుర్రం తెచ్చుకునేవాడు శిలేదారు. శిలేదారుకి గుర్రమే ఆస్తి, అది తుపాకీ దెబ్బకి చచ్చిందంటే వాడి బతుకుతెరువు పోయినట్టే. కాబట్టి నాయకుడనేవాడు పనికిమాలిన పోరులోకి వాళ్ళని తోయలేడు, జీతం బాకీ పడితే పట్టి ఉంచలేడు. వేల గుర్రాలకి రోజూ గడ్డి, ఉలవలు, నీళ్ళు కావాలి. ఇది ఎవడిస్తే వాడి పక్కన ఉండక తప్పదు, ఎవడూ ఇవ్వకపోతే ఊళ్ళ మీద పడి తెచ్చుకోవడమే. ఆ ఊళ్ళవాళ్ళు పడ్డ బాధ మాత్రం ఎక్కడా సరిగ్గా రాసి లేదు, ఆ కాలంలో ఈ సీమలో కాపు ఇంట పుట్టిన ప్రతివాడూ ఏదో ఒక దండుకి ధాన్యం పోసుకున్నవాడే. మురారిరావుని నేను ఇష్టపడతాను గానీ ఈ మాట దాచను.

సాయంత్రం చిత్తూరు దాటి పాకాల వైపు తిరిగాం. దామలచెరువు ఇప్పుడు మామిడికాయల మార్కెట్టుకి పేరు. కానీ కర్ణాటకం చరిత్ర మలుపు తిరిగింది ఈ కనుమలోనే. 1740 మే నెలలో ఆర్కాటు నవాబు దోస్త్ అలీ ఖాన్ మరాఠాలని అడ్డుకోడానికి ఇక్కడ కాచుకుని కూర్చుంటే, వాళ్ళు ఇంకో దారిన చుట్టి వచ్చి వెనకనుంచి కొట్టారు. నవాబు ఇక్కడే పడిపోయాడు. కొండల మధ్య దారి ఎంత ఇరుగ్గా ఉందో, పక్కన తోటల్లోంచి ఎన్ని పాయలున్నాయో కారు ఆపి దిగి చూస్తే గాని తెలియలేదు. కూర్చున్నవాడు చచ్చాడు, కదిలినవాడు గెలిచాడు. అప్పుడు మురారిరావు కదిలేవాళ్ళ పక్కన ఉన్నాడు.

మూడో రోజు, గుత్తికి

మదనపల్లె, కదిరి, అనంతపురం మీదుగా రోజంతా ప్రయాణం. కదిరి దాటాక ఎర్రమట్టి, గుండ్లు, శెనక్కాయ చేలు. చెప్పుకోదగ్గది ఏమీ లేదు, అనంతపురంలో అక్కావాళ్ళింట్లో ఉలవచారుతో భోంచేసి రాత్రికి గుత్తి చేరాం. "కోట ఎక్కేవాళ్ళు ఎండ రాకముందే పోండి, నీళ్ళు మాత్రం రెండు సీసాలు ఎక్కువ పెట్టుకోండి నాయనా" అని అక్క అత్తగారు పదిసార్లు చెప్పి పంపింది.

నాలుగో రోజు, గుత్తి కోట

తెల్లవారుజామున స్టాండు దగ్గర ఉగ్గాని బజ్జి తిని బయల్దేరాం. వేడి బజ్జి నోట్లో పెట్టుకుని ఎదురుగా ఆ కొండని చూడటం నాకు ఎప్పటికీ విసుగు రాదు. ఊరి మీద నిలువునా లేచిన రాతి కొండ, దాన్ని చుట్టుకుంటూ కిందికీ మీదికీ గోడలు, బురుజులు. బుక్కరాయల కాలపు శాసనం ఒకటి ఈ కోటని గిరిదుర్గాలకి రాజు అని పొగిడింది. అంతకంటే ముందు చాళుక్యుల శాసనాలూ ఉన్నాయి. విజయనగరం, గోల్కొండ, మొగలులు, అందరూ దీన్ని చేతిలో ఉంచుకోవాలని చూసినవాళ్ళే. 1746 ప్రాంతంలో మురారిరావు దీన్ని పట్టుకున్నాడు, 1754 తర్వాత మరమ్మతులు చేయించి ఇక్కడే స్థిరపడ్డాడు.

దారి మొదట్లోనే ఇంగ్లీషువాళ్ళ సమాధులున్నాయి. 1827లో పత్తికొండలో కలరా తగిలి చనిపోయిన థామస్ మన్రోని మొదట ఇక్కడే పూడ్చారు, కొన్నేళ్ళ తర్వాత మద్రాసుకి తీసుకుపోయారు. దత్త మండలాల్లో జనం ఆయన మీద అభిమానంతో పిల్లలకి మన్రోలప్ప అని పేరు పెట్టుకున్నారు. మురారప్ప అని పేరున్నవాణ్ని మాత్రం నేను ఇంతవరకు చూడలేదు. శిస్తు తగ్గించినవాడికీ దండు నడిపినవాడికీ జనం జ్ఞాపకంలో తేడా ఉంటుంది మరి.

మెట్లు కొన్ని చోట్ల బాగున్నాయి, కొన్ని చోట్ల ఒట్టి బండే. ఒక దర్వాజా దాటితే ఇంకోటి, మలుపు తిరిగితే మళ్ళీ ఇంకోటి. ఎక్కేవాడి మీద పైనుంచి రాళ్ళు వేసినా చాలు, ఫిరంగి అక్కర్లేదు. నడిమి కోటలో ధాన్యం కొట్లు, మందుగుండు గది, కసరత్తు చేసే చోటు అని చెప్పే కట్టడం, గోడలు మాత్రమే మిగిలిన ఇళ్ళు. ఒక కొట్టు లోపలికి పోయి నిలబడ్డాం. చల్లగా, గబ్బిలాల వాసనతో, మాట్లాడితే గొంతు మళ్ళీ మనకే వినిపిస్తోంది. ఇలాంటి కొట్లు నిండా ధాన్యం ఉంటే ఎన్నాళ్ళయినా లోపల కూర్చోవచ్చు అనిపిస్తుంది.

కానీ నీళ్ళు? కోటలో 108 బావులున్నాయని మా వైపు చెప్పుకుంటారు. పైకి వెళ్ళే కొద్దీ కనిపించేవి ఊట బావులు కాదు, బండలో తొలిచిన తొట్లు, గుంటలు, వానకి నిండాల్సినవి. నేను ఒక గుంట అంచున కూర్చుని చెయ్యి పెట్టి చూశాను. పైన ఆకుపచ్చటి పాచి, దాన్ని పక్కకి తోస్తే గోరువెచ్చటి నీళ్ళు, జానెడు లోతు కూడా లేదు, అడుగున మేకల పాదాల ముద్రలు. దేశంలో అతి తక్కువ వాన పడే జిల్లాల్లో మాది ఒకటి. ఇలాంటి చోట ఆకాశాన్ని నమ్ముకున్న కోట ఇది.

ఇంకా పైకి పోతే మురారిరావు గద్దె. కొండ కొమ్మున, ఒక్క అడుగు అటు వేస్తే కింద ఊరే అన్నంత అంచున, చిన్న మండపం. సున్నం పూత ఇప్పటికీ కొన్ని చోట్ల నున్నగా ఉంది, అరచేయి ఆనిస్తే ఎండలో కూడా చల్లగా తగిలింది. దాని మీదే బొగ్గుతోనూ మేకుతోనూ జంటల పేర్లు గీశారు, చూస్తే కడుపు మండింది. ఇక్కడ కూర్చుని ఆయన చదరంగం ఆడేవాడని, ఉయ్యాల ఊగేవాడని, ఎదురుగా ఉన్న కొమ్ము మీంచి ఖైదీలని తోయించి చూసేవాడని చెప్తారు. మొదటి రెండూ నమ్ముతాను. మూడోది ప్రతి కొండ కోటకీ చెప్పే కథే, ఇక్కడా నిజమై ఉండొచ్చు, కాకపోవచ్చు. నాకు ఆ అంచున నిలబడితే ఇంకోటి తట్టింది. ఇక్కడి నుంచి ఎంత దూరం కనిపిస్తుందో! గుత్తి స్టేషను, రైలు పట్టాలు, హైవే మీద చీమల్లా లారీలు, ఆ పైన అంతా చదును. ఆ చదును మీద గుర్రం ఎక్కితే మురారిరావుని పట్టుకోగలిగినవాడు దక్షిణాదిలో లేడు. ఆయన రౌతుల గురించి ఇంగ్లీషు చరిత్రకారులే మెచ్చుకుని రాశారు. అలాంటివాడు గుర్రం దిగి ఈ కొమ్మెక్కి కూర్చున్నాడు. కిరీటం పెట్టుకోలేదు గానీ సొంత కోట, సొంత శిస్తు, చుట్టుపక్కల పాలెగాళ్ళ మీద పెత్తనం, మాటకొస్తే 1756లో పూనా నుంచి మరాఠా రాజ్యం నడిపే ప్రధాని పీష్వానే ఎదిరించి సవనూరు నవాబు పక్కన నిలబడ్డ తెగువ. రాజు కాక మరేంటి.

గద్దె కింద నీడలో మేకలు కాసే పెద్దాయన కనిపించాడు. ఎక్కడి నుంచి, ఎవరి బిడ్డలు అన్నీ అడిగాక, కోట ఎలా పోయిందని నేను అడిగితే ఒక్క ముక్కలో చెప్పాడు. "నీళ్ళు లేకనే పోయింది నాయనా. మనిషి చేతిలో యాడ పోతాది ఇది?"

చరిత్ర కూడా అదే చెప్తుంది. 1775లో మైసూరు ఏలుతున్న హైదరలీ బళ్ళారి మీదికి వచ్చి దాన్ని పట్టుకుని, అక్కణ్నించి గుత్తి వైపు తిరిగాడు. కప్పం కట్టమని కబురు పెడితే, నేను చౌతు (మరాఠాలు రాబట్టే నాలుగో వంతు కప్పం) వసూలు చేసేవాణ్నే గానీ కట్టేవాణ్ని కాదు అన్న అర్థంలో మురారిరావు జవాబు పంపాడట. నువ్వు నాయక్‌గా, అంటే చిన్న సిపాయి పెద్దగా, ఉన్న రోజుల నుంచి నాకు తెలుసులే అని కూడా. నిజంగానే తెలుసు. తిరుచ్చి ముట్టడి రోజుల్లో నంజరాజు కింద చిన్న సర్దారుగా హైదరు, అదే పక్కన సాటిలేని గుర్రపు నాయకుడిగా మురారిరావు, ఇద్దరూ ఒకే దండులో ఉన్నవాళ్ళే.

పేట పోయింది, కింది కోట పోయింది. జనం, పశువులు, గుర్రాలు అందరూ పై కోటలోకి చేరారు. అదే కొంప ముంచింది. పూనా నుంచి సాయం రాలేదు, వచ్చే స్థితిలో వాళ్ళు లేరు. నారాయణరావు పీష్వా హత్య తర్వాత గద్దె కోసం రఘునాథరావు గొడవ, దాంట్లోకి ఇంగ్లీషువాళ్ళు దూరడం, అంతా అప్పుడే జరుగుతోంది. హైదరు అదును చూసే వచ్చాడు. గుంటలు అడుగంటాక మురారిరావు రాజీకి దిగాడు. లక్షల్లో డబ్బు, కొంత చేతికి, మిగతా దానికి హామీగా ఒక కుర్రవాడు. ఆ కుర్రవాడు హైదరు మకాంలో విందులో మాటల మధ్య, నీళ్ళు లేకే మేం దిగొచ్చాం, మూడు రోజులకి మించి కోటలో చుక్క ఉండదు అని నోరు జారాడని కథ. ఇక హైదరుకి రాజీ ఎందుకు? ఇచ్చిన సొత్తు లెక్కకి చాల్లేదని వంక పెట్టి మళ్ళీ ముట్టడించాడు. 1776లో మురారిరావు కొండ దిగాడు.

ఆ మెట్ల మీద దిగుతున్నంతసేపూ నాకు తిరుచ్చే గుర్తొచ్చింది. అక్కడ నిజాం వస్తే గుర్రాలతో సహా బయటికి నడిచిన మనిషి, ఇక్కడ గుర్రాలతో సహా పైకెక్కి కూర్చున్నాడు. హైదరు బళ్ళారిలో ఉండగానే గుత్తిని ఒక కిల్లేదారు (కోట కాపలా అధికారి) చేతిలో పెట్టి, దండుతో బయట మైదానంలో ఉండి ఉంటే? హైదరు మేత మీద, సరుకుల మీద పడుతూ సతాయించి ఉంటే? ఇదే పని ఆయన వయసులో ఉన్నప్పుడు ఎందరికో చేశాడు. వయసు మీద పడిందో, ఇరవై ఏళ్ళు ఆ గద్దె మీద కూర్చోవడం అలవాటైపోయిందో. బావతో ఇదంతా చెప్తే, "ఇల్లు కట్టుకున్నోడు ఇల్లు వదిలి యాడికి పోతాడు బావా" అన్నాడు. నేను చెప్పే కారణాలన్నిటికంటే అదే సరైనదేమో.

అయిదో రోజు, హైవే మీద ఒక పాత యుద్ధం

గుత్తి నుంచి బెంగళూరుకి 44వ నంబరు హైవే మీద పోతూ పక్కనున్న బోర్డులు చదివితే చాలు, హైదరు, మురారిరావు పదిహేనేళ్ళు దేని కోసం కొట్టుకున్నారో తెలిసిపోతుంది. పెనుకొండ, కొడికొండ, చిక్కబళ్ళాపురం, దేవనహళ్ళి. 1761లో మైసూరు హైదరు చేతికి వచ్చింది, ఆ వెంటనే ఆయన ఉత్తరానికి తిరిగాడు. చిక్కబళ్ళాపురం పాలెగాడికి సాయంగా మురారిరావు వెళ్ళాడు, ఓడాడు, ఆ వరసలోనే పెనుకొండ, కొడికొండ, మడకశిర పోగొట్టుకున్నాడు. 1764లో మాధవరావు పీష్వా హైదరు మీదికి దిగినప్పుడు మురారిరావు పాత తగాదాలు పక్కన పెట్టి ఆయనతో కలిశాడు, సేనాపతి బిరుదు మళ్ళీ ఆ కుటుంబానికి వచ్చింది. పెనుకొండ దగ్గర ఇప్పుడు కియా కార్ల ఫ్యాక్టరీ, కొత్త కార్లు మోసుకుపోయే పొడుగాటి ట్రక్కుల వెనక మేం గంటసేపు ఇరుక్కుపోయాం. కొండ మీద విజయనగరం వాళ్ళ కోట గోడలు అలాగే కనిపిస్తున్నాయి.

దేవనహళ్ళిలో ఆగి టీ తాగాం. హైదరు పైకి రావడం మొదలైంది ఈ కోట దగ్గరే. 1749 ముట్టడిలో ధైర్యం చూపించాడని నంజరాజు ఆయనకి 50 గుర్రాలు, 200 మంది కాల్బలం ఇచ్చాడు. అక్కడి నుంచి పన్నెండేళ్ళలో రాజ్యం. మురారిరావు కంటే హైదరు ఎందులో మెరుగు అంటే, నాకు తోచినంతవరకు గుర్రం స్వారీలో కాదు. ఫ్రెంచివాళ్ళ దగ్గర చూసి కవాతు చేసే కాల్బలం, ఫిరంగులు, వాటికి జీతాలిచ్చే ఖజానా, ఈ మూడూ కూర్చుకున్నాడు. గుర్రం ఒక్కటే నమ్ముకున్న కాలం అయిపోతోందని ముందు కనిపెట్టినవాడు ఆయనే.

అక్కడి నుంచి కొంచెం పక్కకి తిరిగి హోసకోటె వెళ్ళాం, ఒక్క రాత్రి కోసం. 1768 ఆగస్టులో, మొదటి మైసూరు యుద్ధంలో, మురారిరావు ఇంగ్లీషు పక్కన ఇక్కడ డేరాలు వేసుకుని ఉన్నాడు. హైదరు చీకట్లో వచ్చి ఇంగ్లీషువాళ్ళని వదిలి నేరుగా మురారిరావు మకాం మీదే పడ్డాడు. చీకట్లో మరాఠా రౌతు ఎవడో మైసూరు రౌతు ఎవడో తెలియదు. మురారిరావు చేసిన పని చూడండి: ఎవడూ గుర్రం ఎక్కొద్దు, ఎవడి గుర్రం పక్కన వాడు నేల మీదే నిలబడండి అని హుకుం. అంతే, ఇక గుర్రం మీద కనిపించిన ప్రతివాడూ శత్రువే, వెతకక్కర్లేదు, నరికేయడమే. అదే సమయానికి దెబ్బ తగిలిన ఆయన పట్టపుటేనుగు కట్టు తెంపుకుని, ఆ గొలుసునే తొండంతో పట్టుకుని తిప్పుతూ హైదరు గుర్రాల మధ్యలోకి పరుగెత్తింది. గుర్రాలు వెనక్కి తిరిగి తమ కాల్బలం మీదే పడ్డాయి. హైదరు ఓడి వెనక్కి పోయాడు.

ఇప్పుడు హోసకోటెలో ఆ చోటు ఇదీ అని చూపించేవాళ్ళు మాకు దొరకలేదు, చెరువు కట్ట మీద కాసేపు నడిచి వచ్చేశాం. కానీ మొత్తం యాత్రలో నాకు మురారిరావు దగ్గరగా అనిపించింది అక్కడే. గుర్రం ఎప్పుడు ఎక్కాలో, ఎప్పుడు దిగాలో తెలిసిన మనిషి, అది కూడా నిద్రలోంచి లేచిన నిమిషంలో. ఎనిమిదేళ్ళ తర్వాత అదే హైదరు గుత్తి కింద డేరాలు వేసినప్పుడు ఆ బుర్ర ఎందుకు పని చేయలేదు అని తలుచుకుంటే బాధేస్తుంది, ఇన్నేళ్ళ తర్వాత కూడా.

ఆరో రోజు, శ్రీరంగపట్నం

గుత్తిలో పట్టుకున్నాక ఆయన్నీ కుటుంబాన్నీ ముందు ఇక్కడికే తెచ్చారు. బస్సుల్లో దిగే టూరిస్టులందరూ టిప్పు గురించే వస్తారు, అందులో తప్పేం లేదు, దరియా దౌలత్‌లో పొల్లిలూరు యుద్ధం బొమ్మ చూడటానికి ఒక పూట సరిపోదు. నేను మాత్రం గుంబజ్ దగ్గర ఎక్కువసేపు ఉన్నాను. నల్లగా అద్దంలా మెరిసే రాతి స్తంభాలు, దంతం పొదిగిన తలుపులు, లోపల హైదరు, ఆయన భార్య, టిప్పు పక్కపక్కనే. ఖైదీగా వచ్చిన ముసలి మురారిరావుని ఈ ఊళ్ళో ఎక్కడ ఉంచారో, హైదరు ఎదురుగా నిలబెట్టారో లేదో. ఇద్దరూ కలుసుకుని ఉంటే ఏం మాట్లాడుకుని ఉంటారు, తిరుచ్చి రోజులు గుర్తు చేసుకుని ఉంటారా? బావకి ఆకలి, కావేరి గాలి, పక్కన స్కూలు పిల్లల గోల. కదిలిపోయాం.

ఏడో రోజు, కబ్బాళదుర్గం

శ్రీరంగపట్నం నుంచి మద్దూరు వైపు వచ్చి, సాతనూరు మీదుగా కబ్బాళు. కనకపుర తాలూకా. కింద కబ్బాళమ్మ గుడి, జనం బాగా ఉన్నారు. గుడి వెనకనుంచి లేచిన కొండ చూస్తే గుత్తి కొండకీ దీనికీ తేడా ఒక్క చూపులో తెలుస్తుంది. గుత్తి ఊరికి కాపలా. ఇది జైలు. నున్నటి ఏకశిల, ఎక్కే దారి ఒక్కటే, కొన్ని చోట్ల బండలో చెక్కిన కాలి గుంటలే మెట్లు. పట్టుకోడానికి కమ్మీ ఉన్న చోట కూడా నా కాళ్ళు వణికాయి, బావ అయితే సగంలో కూర్చుండిపోయి, "నువ్వు పోయి రా, నేనిక్కడే ఉంటా" అన్నాడు. బలవంతం చేయలేదు.

మైసూరు రాజ్యంలో తిరిగి రాకూడని వాళ్ళని పంపే చోటు ఇది. 1734లో మైసూరు రాజు చామరాజ ఒడయరునే దళవాయి (సేనాపతి) దించేసి ఇక్కడికి పంపితే ఇక్కడే చనిపోయాడు. హైదరు దీనికి జాఫరాబాద్ అని పేరు మార్చాడు, పని మాత్రం మార్చలేదు. ఇక్కడి గాలి, నీళ్ళు మనిషిని తినేస్తాయని అప్పట్లో పేరు. పైన గోడల మొండాలు, ఒక చిన్న గుడి, రాతి గుంటలో నీళ్ళు. మురారిరావు చివరి రోజులు ఇక్కడే గడిచాయి, ఇక్కడే చనిపోయాడు. పైనుంచి చుట్టూ అడవి, గుట్టలు. గద్దె మీద కూర్చుని గుర్రం పరుగెత్తే మైదానాన్ని చూడటానికి అలవాటు పడ్డ కళ్ళకి ఇక్కడ చూసేందుకు ఏమీ లేదు.

నేను తెచ్చుకున్న నీళ్ళు దిగేటప్పుడు అయిపోయాయి, బావ దగ్గర ఉన్న సీసా ఇద్దరం పంచుకున్నాం. కింద గుడి దగ్గర పూల కొట్టు పెట్టుకున్న ఆమెకి తెలుగు వచ్చు, మడకశిర పక్క ఊరంట. మురారిరావు అంటే ఎవరో ఆమెకి తెలియదు. గుత్తి అంటే తెలుసు, రైలు మారిందట ఒకసారి. నేను చెప్పిందంతా ఓపిగ్గా విని, "ఆయన బిడ్డలు ఏమైనారు మరి?" అని అడిగింది. గుత్తి పోయినా ఘోర్పడేల ఇంకో శాఖ బళ్ళారి పక్కన సండూరులో నిలదొక్కుకుంది, దేశానికి స్వాతంత్ర్యం వచ్చి 1949లో కలిపేసేదాకా వాళ్ళ సంస్థానం ఉంది అని చెప్పాను. "అయితే పర్వాలేదు" అంది.

ఎనిమిదో రోజు, తిరుగు దారి

బెంగళూరు నుంచి చెన్నైకి పోతూ చిత్తూరు దగ్గర నరసింగరాయనిపేట వైపు కారు తిప్పమన్నాను. 1782 డిసెంబరు 7న హైదరు చనిపోయింది ఇక్కడ వేసుకున్న మకాంలోనే, వీపు మీద రాచపుండుతో. కబురు బయటికి పొక్కితే దండు చెదిరిపోతుందని, టిప్పు మలబారు నుంచి వచ్చేదాకా చావు సంగతి దాచిపెట్టారు. శవాన్ని పెట్టెలో పెట్టి ఖజానా సొమ్ము తీసుకెళ్తున్నట్టు కోలారుకి పంపారు. మురారిరావుని గుత్తి కొండ ఎక్కించిన హైదరు మాత్రం చివరిదాకా కోటలో కాదు, దండులోనే ఉన్నాడు.

దామలచెరువు ఇక్కడికి ఎంతో దూరం కాదు. మురారిరావు ఎదుగుదల మొదలైన చోటుకీ, ఆయన్ని దించినవాడు పోయిన చోటుకీ మధ్య దూరం ఒక పూట గుర్రం ప్రయాణం. బావ ఈసారి సండూరు పోదాం అంటున్నాడు. గుత్తి మళ్ళీ ఎక్కాలని నాకుంది, అదీ వానాకాలం అయ్యాక, గుంటలన్నీ నిండినప్పుడు, ఎన్ని నిండుతాయో లెక్కపెట్టడానికి.